సకెలారియోస్ సినిమాల్లో పెద్దమనిషి ఎప్పుడు మారాడు?

ఒక చెంపదెబ్బ మీద గ్రీసులో మళ్లీ రచ్చ మొదలైంది. 1959లో గ్రీకు దర్శకుడు అలెకోస్ సకెలారియోస్ తీసిన సినిమా 'దెబ్బ స్వర్గం నుంచే వచ్చింది' టీవీలో పడితే చాలు, ఈ గొడవ లేస్తుంది. అమ్మాయిల స్కూల్లో కొత్త మాస్టారి పాత్రలో దిమిత్రిస్ పాపమిహాయిల్. డబ్బున్న ఇంటి అల్లరి పిల్లగా అలికి వుయుక్లాకి. ఆయన లాగి కొడతాడు. ఆమె ప్రేమలో పడుతుంది, కథ పెళ్లి దాకా వెళ్తుంది. పేరు అక్కడి సామెతే. 'దండం దశగుణం భవేత్' వింటూ పెరిగిన మనకు వింతేం కాదు.

అప్పట్లో బడుల్లో కొట్టేవారు, ఉన్నదే చూపించాడు అన్నది అభిమానుల మాట. అది నిజమే. కానీ విమర్శకుల అభ్యంతరం దెబ్బను చూపించడం మీద కాదు, దానికి బహుమతిగా ప్రేమను ఇవ్వడం మీద. వాళ్ల వాదన అర్థం కావాలంటే రెండేళ్లు వెనక్కి వెళ్లాలి. 1957 నాటి 'షికాగో అత్తయ్య'లో రిటైర్డ్ మిలిటరీ ఆఫీసరైన తండ్రి నలుగురు కూతుళ్లనూ క్రమశిక్షణ పేరుతో ఇంట్లో కట్టిపడేస్తాడు. అమెరికా నుంచి దిగిన అత్తయ్య (నటి యోర్యియా వసిలియాదు) ఇంట్లో పాత సామాను, అమ్మాయిల బట్టలు, ఇంటి పద్ధతులు అన్నీ మార్చేస్తుంది. హాలంతా నవ్వేది ఆ తండ్రిని చూసే. అంతకుముందు హాస్యనటుడు వాసిలిస్ లొగొథెతిదిస్‌తో తీసిన కామెడీల్లోనూ ఎక్కువగా నవ్వులపాలయ్యేది నడివయసు మగాడే.

మరి 1959లో ఏమైంది? అలికి స్టార్ అయింది. 1960 ఫిబ్రవరిలో లొగొథెతిదిస్ చనిపోయాడు. నిర్మాత ఫిలొపీమెన్ ఫీనోస్‌కు గెలిచే ఫార్ములా దొరికింది. అందాల జంట, మనోస్ హాజిదాకిస్ పాటలు, కాస్త కోపం, బోలెడు ప్రేమ. తర్వాతి సినిమాల్లో 1961లో అలికిని నేవీకి పంపారు, 1963లో పెళ్లయిన పిల్లగా మళ్లీ స్కూలు బెంచీ ఎక్కించారు. కొట్టే చేయి ఇప్పుడు అందమైన హీరోది, ఇక దాన్ని చూసి ఎవరు నవ్వుతారు? నా లెక్కలో మలుపు ఇదే.

1965లో మావ్రొయాలూరోస్ అనే మంత్రి మీద సినిమా తీసి పెద్దమనుషులను మళ్లీ ఉతికేశాడు కదా అని అభిమానులు గుర్తుచేస్తారు. ఆ పేరు ఇప్పటికీ అక్కడ రాజకీయ నాయకుల మీద వేళాకోళంగా వాడతారు. అయితే ఆ సినిమాలో అలికి లేదు, ప్రేమజంట కోసం కథను వంచాల్సిన అవసరం పెద్దగా రాలేదు.

సకెలారియోస్ 1991లో పోయాడు. ఇంట్లో కూడా పిల్లలను కొట్టకూడదని గ్రీసు చట్టం తెచ్చింది 2006లో.