జాడీ నాదన్న డప్పులాయన

పిల్లలూ,

మొన్న వీడియో కాల్‌లో చిన్నది అడిగింది కదా: "తాతయ్యా, 'ఐ లవ్ లూసీ' అమ్మమ్మ పుట్టకముందుదిట, ఇంకా అంత స్పష్టంగా ఎలా ఉంది? మా అమ్మ పెళ్ళి క్యాసెట్టేమో అంతా చారలే!"

పెళ్ళి క్యాసెట్టు సంగతి నన్నడక్కండి. లూసీ సంగతైతే, ఆ అమెరికా టీవీ హాస్యనాటకంలో ఆమె మొగుడుగా వేసి, పొడుగాటి కాంగా డప్పు వాయిస్తూ పాడే ఆయన చలవ. నిజంగానూ ఆమె మొగుడే, పేరు డెసీ అర్నాజ్.

1917లో క్యూబాలోని శాంటియాగోలో పుట్టాడు. తండ్రి ఆ ఊరి మేయరు. 1933లో అక్కడి ప్రభుత్వం కూలిపోయింది. తండ్రిని జైల్లో పెట్టారు, ఆస్తి పోయింది. తండ్రీకొడుకులు అమెరికాలోని మయామీ చేరి ఒక గోడౌన్‌లో తలదాచుకున్నారు. మేయరుగారబ్బాయి పిట్టల పంజరాలు కడిగి నాలుగు డబ్బులు సంపాదించాడు. తరవాత చిన్న బృందంలో పాడుతూ, జేవియర్ కుగాట్ అనే పేరున్న బ్యాండు మాస్టరు కంటపడ్డాడు. కొన్నాళ్ళకి మయామీలో సొంత బ్యాండు పెట్టాడు గానీ వాయించేవాళ్ళకి క్యూబా దరువులు రావు. ఏం చేస్తాడు, ఊరి పండగల్లో విన్న కాంగా అనే వీధి ఆటపాట ఎత్తుకున్నాడు. ముందువాడి నడుము పట్టుకుని వరసగా మూడడుగులు, నాలుగోదానికి కాలు విసరడం. అంతే, జనం లేచి కలిశారు.

ఆ కాంగాని 1925లో శాంటియాగోలో నిషేధించింది ఎవరనుకున్నారు? వాళ్ళ నాన్నే! బానిసలుగా పట్టుకొచ్చిన ఆఫ్రికావాళ్ళ మనవలు వీధుల్లో కాపాడుకున్న దరువు అది. పేరూ డబ్బూ మాత్రం మేయరు కొడుక్కి వచ్చాయి. ఇది నాకెప్పుడూ కాస్త గుచ్చుకుంటుంది.

1940లో హాలీవుడ్‌లో మొదటి సినిమా. అక్కడే మన లూసీ, అంటే లూసీల్ బాల్, పరిచయం, ఆ ఏడే పెళ్ళి. 1943లో 'బటాన్' అనే యుద్ధం సినిమాలో సైనికుడిగా బాగా చేశాడు. అయినా ఆ యాసకి తగ్గ వేషాలు పెద్దగా రాలేదు.

ఇక అసలు సంగతి. 1951లో టీవీ నాటకాలు చాలావరకు అప్పటికప్పుడు ఆడేవే. పచ్చిమామిడికాయ కోసి ఉప్పూకారం అద్దుకుని తినేసినట్టు: బాగుంటుంది, సాయంత్రానికేం మిగలదు. దూరపు ఊళ్ళకి టీవీ తెరని కెమెరాతో తీసిన మసక నకలు వెళ్ళేది. 'ఐ లవ్ లూసీ' వెయ్యబోయే సీబీఎస్ టీవీ వాళ్ళు దాన్నీ న్యూయార్క్ వచ్చి ఆడమన్నారు. డెసీ కుదరదన్నాడు, లాస్ ఏంజెలస్‌లోనే సినిమా ఫిల్ము మీద తీసిస్తానన్నాడు. అంటే ఆవకాయ పెడతానన్నాడు. మరి ఆవకాయంటే నూనె, ఆవపిండి, కాయ కొట్టేవాడి కూలి! ఇక్కడ మూడు కెమెరాలు ఒక్కసారే తిరగాలి, మూడింటికీ సరిపోయేలా కెమెరామన్ కార్ల్ ఫ్రాయిండ్ దీపాలు అమర్చాలి, ఎదురుగా 300 మంది కూర్చోవాలి. ఖర్చు మాటొచ్చేసరికి, మా జీతం కోసుకోండి, తీసిన ఫిల్ము మాత్రం మాదన్నాడు. జాడీ మా ఇంట్లోనే ఉంటుందన్నాడన్నమాట. వాళ్ళు సరేనన్నారు, ఒకసారి వడ్డించేశాక జాడీతో పనేముంది? తీరా 1957లో లక్షల డాలర్లు పోసి దాన్ని వాళ్ళే కొనుక్కున్నారు. 180 భాగాలు! ఎంతమంది వడ్డించుకున్నా అడుగు కనపడని జాడీ మీ అమ్మమ్మ కూడా పెట్టలేదు. ఆర్కేఓ అనే సినిమా స్టూడియోలో ఇద్దరూ ఒకప్పుడు జీతానికి నటించారు, ఆ స్టూడియోనీ డెసీ కంపెనీ కొనేసింది.

మా చిన్నప్పుడు నవమి పందిట్లో పద్యనాటకాలు ఆడేవారు. హరిశ్చంద్రుడు కాటిసీనులో రాగం సాగదీస్తుంటే జనం "వన్స్ మోర్" అని ఒకటే అరుపులు. ఆయన మళ్ళీ మొదట్నుంచీ ఎత్తుకునేవాడు. ఈలోగా చచ్చిపడున్న లోహితుడు దోమ కుట్టి కాలు గోక్కునేవాడు. ఆ గొంతు ఇప్పుడెక్కడా దొరకదు, ఎవరూ రికార్డు చెయ్యలేదు. మీ చేతుల్లో ఫోన్లున్నాయి, అమ్మమ్మ చేత నాలుగు మంగళహారతులు పాడించి దాచుకోకూడదూ?

డెసీ, లూసీ 1960లో విడిపోయారు. 1986లో ఆయన పోయాడు.

ఈ శనివారం డెసీ 'బాబలూ' పాట పాడే భాగం వెతుక్కోండి. ముందు చేతులు చూడండి, జుట్టు నుదుటిమీదికి ఎలా ఎగిరిపడుతుందో చూడండి. తరవాత నవ్వులు వినండి. లూసీకి ఏదో ముంచుకొచ్చేముందు ఒకావిడ "అ-ఓ" అంటుంది. లూసీ వాళ్ళమ్మే, ఎదురుగా కూర్చుని చూసేది. ఎన్నిసార్లు అందో లెక్కపెట్టి నాకు చెప్పండి.

మీ
తాతయ్య