టల్సాలో కత్తిరించేసిన వార్త

అమెరికాలోని టల్సా నగరంలో ‘టల్సా ట్రిబ్యూన్’ దినపత్రిక పాత సంచికలను మైక్రోఫిల్మ్‌కి (పేజీలను చిన్న ఫొటోలుగా దాచే ఫిల్ముకి) ఎక్కించేనాటికే, 1921 మే 31 సంచికలో మొదటి పేజీ వార్తను ఎవరో కత్తిరించేశారు. సంపాదకీయం పేజీ కూడా చాలావరకు చింపేసి ఉంది. ఆ వార్త మరో ప్రతిలో తర్వాత దొరికింది. బూట్లు పాలిష్ చేసే డిక్ రోలండ్ అనే నల్లజాతి కుర్రాడు లిఫ్ట్‌లో తెల్ల అమ్మాయిపై దాడి చేశాడని అందులో రాశారు.

ఆ సాయంత్రమే, రోలండ్‌ను బంధించి ఉంచిన కోర్టు దగ్గర తెల్లవాళ్లు గుంపు కట్టారు. కుర్రాణ్ణి చంపేస్తారన్న భయంతో నల్లజాతి మాజీ సైనికులు తుపాకులతో కాపలాకి వెళ్లారు. పెనుగులాటలో తూటా పేలింది. తెల్లవాళ్ల గుంపులు తగలబెట్టడంతో, మర్నాటికి నల్లజాతివాళ్లు ఉండే గ్రీన్‌వుడ్ పేటలో 35 బ్లాకులు బూడిదయ్యాయి. మృతులు 300 వరకు ఉంటారని చరిత్రకారుల అంచనా. రోలండ్ మీద కేసు మాత్రం నిలవలేదు. అల్లర్లలో పోయిన ఆస్తికి డబ్బు ఇవ్వబోమని బీమా కంపెనీలు చేతులెత్తేశాయి.

ఈ చరిత్రను కాపాడినవాళ్లలో మొదట చెప్పాల్సిన పేరు మేరీ జోన్స్ పారిష్. ఆమె టైపింగ్ నేర్పే టీచర్. ఆ రాత్రి ఇంట్లో చదువుకుంటుంటే, కిటికీ దగ్గరున్న కూతురు బయట తుపాకులతో మనుషులున్నారని చెప్పింది. తెల్లవారాక పాపని తీసుకుని తూటాల మధ్యే పరుగెత్తారు. ఊపిరి పీల్చుకున్నాక బాధితులు ఏం చూశారో వాళ్ల మాటల్లోనే సేకరించి, ఎవరి ఆస్తి ఎంత పోయిందో జాబితా చేర్చి చిన్న పుస్తకం వేశారు. అచ్చయినవి కొద్ది ప్రతులే. పెద్ద పత్రికలు చేయాల్సిన పని ఆమె ఒంటరిగా భుజాన వేసుకున్నారు.

యాభై ఏళ్లకు, 1971లో, ఎడ్ వీలర్ అనే తెల్ల రచయితకు స్థానిక వాణిజ్య మండలి ఈ విషయం మీద వ్యాసం రాసే పని అప్పగించింది. రాసి తెచ్చాక వేయనంది. నగరంలోని రెండు దినపత్రికలూ వద్దన్నాయి. ఆయన కారు అద్దం మీద ఎవరో బెదిరింపు రాసి వెళ్లారు. చివరికి నల్లజాతివాళ్లు నడిపే ‘ఇంపాక్ట్’ పత్రిక దాన్ని ధైర్యంగా అచ్చు వేసింది.

ఓక్లహోమా రాష్ట్రం విచారణ కమిషన్ వేయడానికి 1997 దాకా పట్టింది. టల్సాలోని ఓక్లాన్ శ్మశానంలో, ఆనాటి మృతుల సమాధుల కోసం తవ్వకాలు 2020లో మొదలయ్యాయి. 2024లో తొలిసారి ఒక మృతుణ్ణి, మొదటి ప్రపంచ యుద్ధ సైనికుడు సి.ఎల్. డేనియల్‌ను, డీఎన్ఏతో గుర్తించారు. టల్సాలో అతను చనిపోయాడని తల్లి తరఫు లాయరు 1936లోనే ప్రభుత్వానికి ఉత్తరం రాశారు. అదే 2024 జూన్‌లో, నూరేళ్లు దాటిన ఇద్దరు బాధితురాళ్లు నష్టపరిహారం కోరుతూ వేసిన కేసును ఓక్లహోమా సుప్రీంకోర్టు కొట్టేసింది.