తెలివి అడ్డుకోలేని పొడి

చిరంజీవులైన మనవళ్లకు, మనవరాళ్లకు ఆశీస్సులు.

కొకైన్ అనే మత్తుపొడికి మనుషులు ఎందుకు చిక్కుకుంటారని మీరు అడిగిన ప్రశ్నకు ఫోనులో రెండు ముక్కలు చెప్పి ఊరుకోవడానికి నాకు మనసొప్పలేదు. "అది చెడ్డది, దాని జోలికి పోవద్దు" అంటే సరిపోతుందని పెద్దలు చాలామంది అనుకుంటారు. మీకు అది చాలదు, చాలకూడదు కూడా. ఆ పొడికి చిక్కినవాళ్లంతా తెలివితక్కువవాళ్లనే అభిప్రాయం మీ మాటల్లో కనిపించింది. ముందు దాన్ని పోగొట్టాలని ఈ ఉత్తరం రాస్తున్నాను.

దక్షిణ అమెరికాలోని ఆండీస్ కొండవాలుల్లో కోకా అనే పొద పెరుగుతుంది. అక్కడివాళ్లు వేల ఏళ్లుగా ఆ ఆకును బుగ్గన పెట్టుకుని, కాస్త సున్నమో బూడిదో జోడించి, రసాన్ని నెమ్మదిగా మింగుతున్నారు. ఎత్తైన కొండల మీద ఆకలిని, అలసటను ఓర్చుకోవడానికి అది వాళ్లకు ఆసరా. పూజల్లోనూ దానికి చోటుంది. ఆకులో ఉండే కొకైన్ సుమారు ఒక శాతమే, అది కూడా మెల్లగా ఒంటికి పడుతుంది. ఆకునూ పొడినీ ఒకే గాటన కట్టడం నా దృష్టిలో అన్యాయం. బొలీవియా 2009 నాటి తన రాజ్యాంగంలో కోకాను వారసత్వ సంపదగా రాసుకుంది. 1961 నాటి అంతర్జాతీయ మాదకద్రవ్యాల ఒప్పందం నుంచి బయటికొచ్చి, తమ ప్రజలు ఆకు నమిలే హక్కును నిలుపుకుంటూ 2013లో మళ్లీ అందులో చేరింది.

ఆకు పొడిగా మారింది జర్మనీలో. గొట్టింగెన్ విశ్వవిద్యాలయంలో ఆల్బర్ట్ నీమన్ అనే యువ రసాయన శాస్త్రవేత్త 1859-60లో ఆ ఆకుల నుంచి తెల్లని స్ఫటికాలను వేరుచేసి, వాటికి కొకైన్ అని పేరు పెట్టాడు. నాలుక మీద వేసుకుంటే అక్కడ మొద్దుబారుతోందని కూడా రాశాడు. ఆ ఒక్క వాక్యం విలువ వైద్యులకు తెలిసిరావడానికి పాతికేళ్లు పట్టింది.

1884లో వియన్నాలో కార్ల్ కోలర్ అనే కుర్ర డాక్టరు కంటి ఆపరేషన్లకు నొప్పి తెలియకుండా చేసే మందు కోసం వెతుకుతున్నాడు. అప్పట్లో రోగి మెలకువగా ఉండగానే కంట్లో కత్తి పెట్టేవారు. కోలర్ ఆ పొడిని నీళ్లలో కలిపి ముందు కప్ప కంట్లో వేశాడు. కంటిని తాకినా, గీరినా కప్ప కదల్లేదు. తర్వాత కుందేలు, ఆ తర్వాత కుక్క. చివరికి తోటి వైద్యుడూ తానూ తమ కళ్లలోనే చుక్కలు వేసుకుని, అద్దం ముందు నిలబడి గుండుసూది తలతో నల్లగుడ్డును తాకి చూసుకున్నారు. ఏమీ తెలియలేదు! ఈనాడు పన్ను పీకే ముందు చిగురుకు వేసే ఇంజెక్షను ఆ పరిశోధనకు వారసత్వమే. నొప్పి కబురు నరం వెంట సాగాలంటే సోడియం అయాన్లు నాడీకణంలోకి దూకాలి. కొకైన్ ఆ దారిని మూసేస్తుంది, కబురు మెదడుకు చేరదు.

అదే ఏడు, అదే వియన్నాలో, ఇదే పొడితో మరో కథ మొదలైంది. ఎర్నెస్ట్ ఫాన్ ఫ్లైషల్ అనే ప్రతిభావంతుడైన శరీరశాస్త్రవేత్తకు అంతకు కొన్నేళ్ల ముందే చేతి బొటనవేలికి గాయమై, చీము పట్టి, దానిని కొంత తీసేయాల్సి వచ్చింది. నరాల నొప్పి తట్టుకోలేక, నల్లమందు నుంచి తీసే మార్ఫిన్ అనే నొప్పి మందుకు అలవాటుపడ్డాడు. ఆ అలవాటును కొకైన్ మాన్పిస్తుందని నమ్మి అతని మిత్రుడు, తర్వాతి రోజుల్లో మనోవిశ్లేషణకు ఆద్యుడైన సిగ్మండ్ ఫ్రాయిడ్ దానిని ఇచ్చాడు. ఆ ఏడే ఫ్రాయిడ్ కొకైన్‌ను మెచ్చుకుంటూ వ్యాసం కూడా ప్రచురించాడు. ఏడాది తిరిగేసరికి ఫ్లైషల్ రెండింటికీ బానిసయ్యాడు. చర్మం మీద తెల్లని పాములు పాకుతున్నట్టు భ్రమపడేవాడు. 1891లో, 45 ఏళ్లకే కన్నుమూశాడు.

అమెరికాలో విలియం హాల్‌స్టెడ్ అనే సర్జను నరాన్ని మొద్దుబార్చే పద్ధతిని తన మీదే ప్రయోగించుకుని కొకైన్‌కు చిక్కాడు. దాని నుంచి తప్పించుకునే ప్రయత్నంలో మార్ఫిన్‌కు లోబడ్డాడు. ఆధునిక శస్త్రచికిత్సకు పునాదులు వేసినవాళ్లలో ఆయన ఒకడు. ఆ రోజుల్లో ఆ మందు గురించి ఇలాంటివాళ్లకన్నా ఎక్కువ తెలిసినవాళ్లు ఎవరున్నారు, చెప్పండి?

తెలివి ఎందుకు కాపాడలేదో మెదడును చూస్తే అర్థమవుతుంది. మేలు జరిగినప్పుడు మన నాడీకణాలు డోపమైన్‌ను విడుదల చేస్తాయి. "ఇది గుర్తుపెట్టుకో, మళ్లీ చెయ్యి" అని మెదడు నేర్చుకునేది దాని వల్లే. పని కాగానే ఒక ప్రోటీను డోపమైన్‌ను తిరిగి కణంలోకి లాగేసుకుంటుంది. కొకైన్ వెళ్లి ఆ ప్రోటీనుకు అడ్డం పడుతుంది. ఏ మేలూ జరగకపోయినా డోపమైన్ పోగుపడుతుంది, మెదడు ఆ పొడినే పెద్ద మేలుగా నేర్చుకుంటుంది. ముక్కుతో పీల్చిన పొడి ఇచ్చే హుషారు గంటలోపే దిగిపోతుంది, మిగిలేది దిగులు, మళ్లీ కావాలన్న తపన. కొన్నాళ్లకు మామూలు సంతోషాలు రుచించవు. ఈ పాఠం మెదడులో ఆలోచన కన్నా లోతైన చోట పడుతుంది, అందుకే "నాకు అన్నీ తెలుసు" అన్న ధీమా పనికిరాదు.

గుండె సంగతి మరీ భయపెడుతుంది. కొకైన్ రక్తనాళాలను బిగించి, గుండె వేగాన్ని పెంచుతుంది. తీసుకున్న మొదటి గంటలో గుండెపోటు ముప్పు 24 రెట్లు ఎక్కువని ఒక పరిశోధనలో తేలింది. మద్యంతో కలిస్తే కాలేయంలో కోకాఎథిలీన్ తయారవుతుంది, అది ఇంకా ఎక్కువసేపు ఉండి గుండెను ఇంకా దెబ్బతీస్తుంది.

ఒకప్పుడు దీన్ని వైన్‌లోనూ, పంటినొప్పి చుక్కల్లోనూ, 1886లో పుట్టిన కోకా-కోలాలోనూ కలిపి అమ్మారు. అమెరికా 1914లో చట్టంతో కట్టడి చేసింది. నిషేధం పెరిగాక లాభం దొంగరవాణాదారుల పాలైంది. కొలంబియాలో వాళ్లకు ఎదురు నిలిచిన పత్రికా సంపాదకుడు గిల్యెర్మో కానోను 1986లో, అధ్యక్ష అభ్యర్థి లూయిస్ కార్లోస్ గలాన్‌ను 1989లో చంపేశారు. అదే ఏడాది నవంబరులో ఒక ప్రయాణికుల విమానాన్ని బాంబుతో పేల్చేస్తే అందులోని 107 మందీ చనిపోయారు. ఎక్కడో విందులో సరదాగా పీల్చే పొడి వెనుక ఈ నెత్తురు ఉంది.

చట్టమూ ఎప్పుడూ న్యాయంగా లేదు. అమెరికాలో 1986 చట్టం ప్రకారం 500 గ్రాముల కొకైన్ పొడికి పడే కనీస శిక్షే, అయిదేళ్ల జైలు, అదే మందు నుంచి చేసే క్రాక్ అయితే 5 గ్రాములకే పడేది. క్రాక్ కేసుల్లో జైలుకు వెళ్లినవాళ్లలో అత్యధికులు నల్లజాతివాళ్లు. 2010లో ఆ తేడాను తగ్గించారు గానీ పూర్తిగా చెరపలేదు.

కొకైన్ వ్యసనాన్ని మాన్పే మాత్ర ఇప్పటికీ లేదు. మానసిక చికిత్సా, ఓపికగా వెన్నంటి ఉండే మనుషులూ ఉంటే బయటపడినవాళ్లు ఉన్నారు. మీ స్నేహితుల్లో ఎవరైనా చిక్కుకుంటే వెలివేయకండి. తీసుకున్నాక ఛాతీలో నొప్పి వస్తే క్షణం ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి చేర్చి, ఏం తీసుకున్నారో డాక్టరుకు దాచకుండా చెప్పండి. దాన్నిబట్టి ఆయన ఇచ్చే మందులు మారతాయి. ఇంట్లో తిడతారని భయమైతే ముందు నాకు ఫోను చేయండి, అర్ధరాత్రయినా సరే.

మీ తాతయ్య