దోమల మొక్క: నర్సరీలో రోజూ వినే అపోహలు, అసలు వాస్తవాలు

వానలు మొదలయ్యాయంటే మా కడియం నర్సరీల్లో "దోమల మొక్క ఉందా అండీ?" అని అడగనివాళ్ళు తక్కువ. ఆ పేరుతో అమ్మేవి రెండు: నిమ్మ వాసనొచ్చే సిట్రొనెల్లా గడ్డి, వాసన ఆకుల జెరేనియం. మొక్క మంచిదే, పెంచుకోండి. కానీ దాని మీద పెట్టుకునే ఆశలే సరైనవి కావు.

అపోహ: కుండీ గుమ్మంలో పెడితే దోమలు రావు.

వాస్తవం: వస్తాయి. సిట్రొనెల్లా గడ్డి నూనెలో సిట్రొనెల్లాల్, జెరానియాల్ అనే వాసన పదార్థాలు ఉన్న మాట నిజమే, కానీ ఆ నూనె ఆకు లోపల ఉంటుంది, నలిపితేనో కోస్తేనో తప్ప పెద్దగా బయటికి రాదు, వచ్చినా కాసేపట్లో గాలిలో కలిసిపోతుంది. 'మస్కిటో ప్లాంట్' అని అమ్మే జెరేనియంని 1990ల్లో ఉత్తర అమెరికాలో పరీక్షించి చూస్తే అది దోమల్ని ఆపలేదు, పైగా దాని ఆకుల మీదే దోమలు వాలాయి.

నాకు నిజంగా బాధేసేది ఇంకొకటి. దోమలు పోవాలని మొక్క కొంటారు, దాని కుండీ కింద ప్లేటులో నీళ్ళు నిలవ ఉంచుతారు. డెంగ్యూ దోమకి అంతకంటే ఏం కావాలి? గుడ్డు నుంచి దోమ అవ్వడానికి మన ఎండల్లో వారం, పది రోజులు చాలు. గుడ్లు నీటి అంచుకి కాస్త పైన, ప్లేటు గోడకి నల్లటి చుక్కల్లా అతుక్కుని ఉంటాయి కాబట్టి నీళ్ళు వంపేస్తే సరిపోదు, వారానికోసారి పీచుతో గట్టిగా రుద్ది కడగాలి. అసలు ప్లేటే తీసేస్తే ఇంకా మంచిది.

అపోహ: నిమ్మగడ్డి, సిట్రొనెల్లా ఒకటే, ఏదైనా టీలో వేసుకోవచ్చు.

వాస్తవం: చుట్టాలే కానీ వేరు. మొదలు దగ్గర చూడండి, సిట్రొనెల్లాకి ఎర్రగా, ఊదాగా ఉంటుంది, టీకి వాడే నిమ్మగడ్డికి మామూలుగా లేతాకుపచ్చగా, తెల్లగా ఉంటుంది. సిట్రొనెల్లా సబ్బులకి, అత్తర్లకి పనికొస్తుంది, టీకి కాదు.

అపోహ: సిట్రొనెల్లాకి విత్తనాలు చల్లితే సరి.

వాస్తవం: ఇంటికి పిలకలే మేలు. బాగా ఎదిగిన దుబ్బుని తవ్వి, మట్టి దులిపి, ఒక్కో పిలక్కీ కాసిని వేళ్ళు ఉండేలా చేత్తో విడదీయండి. ఎండాకులు తీసేసి, పై ఆకుల్ని జానెడు ఉంచి కోసేయాలి, లేకపోతే వేళ్ళు కుదురుకోకముందే ఆకుల నుంచి నీరంతా పోయి మొక్క వాడిపోతుంది. రెండు, మూడు అంగుళాల లోతులో నాటి, మొదలు చుట్టూ మట్టి గట్టిగా అదమండి. జూన్, జూలై నెలలైతే టెన్షనే ఉండదు. కుండీ కనీసం 12 అంగుళాలది, అడుగున రంధ్రాలున్నది కావాలి. నీళ్ళు నిలిస్తే మొదలు కుళ్ళుతుంది, ఎండ తగ్గితే వాసన తగ్గుతుంది. నాలుగైదు నెలలకి నేల నుంచి నాలుగైదు అంగుళాలు వదిలి కోసుకోవచ్చు. ఆకు అంచు చెయ్యి కోసేస్తుంది, నిండు చేతుల చొక్కా వేసుకోండి.

అపోహ: జెరేనియం కూడా అంతే సులువు.

వాస్తవం: బెంగళూరు, మదనపల్లె లాంటి చల్లటి చోట్ల సులువే. మా గోదావరి జిల్లాల ఉక్కపోతకి మే నెలలో చాలావరకు చచ్చిపోతుంది. అందుకే ఫిబ్రవరిలోపే మూడు, నాలుగు కణుపులున్న కొమ్మలు కోసి, కోసిన చోట కొన్ని గంటలు ఆరనిచ్చి, ఇసక కలిపిన కోకోపీట్‌లో (కొబ్బరి పొట్టులో) గుచ్చి నీడలో పెట్టుకోండి, తల్లి మొక్క పోయినా పిల్ల మొక్కలు చేతిలో ఉంటాయి.