ఏడో స్థానంలో ఆపేసిన గొంతు

2004 ఏప్రిల్ 21, బుధవారం రాత్రి. టీవీ పాటల పోటీ 'అమెరికన్ ఐడల్' మూడో సీజన్‌లో ఫలితాలు చెప్పే కార్యక్రమం. ముందురోజు ప్రేక్షకులు వేసిన ఓట్లలో అట్టడుగున నిలిచిన ముగ్గురి పేర్లు బయటికి వచ్చాయి. ఫాంటేసియా బారినో, లటోయా లండన్, జెనిఫర్ హడ్సన్. ముగ్గురూ నల్లజాతి యువతులే, ముగ్గురిదీ నల్లజాతివారి చర్చి పాటల్లోంచి పుట్టిన సోల్ బాణీయే. పోటీలో అందరికన్నా గట్టి గొంతులని న్యాయనిర్ణేతలు చెబుతూ వచ్చిందీ ఈ ముగ్గురి గురించే. ఆ రాత్రి జెనిఫర్‌ను ఇంటికి పంపేశారు. ఆమెకు దక్కింది ఏడో స్థానం.

సరిగ్గా ఐదు వారాల తర్వాత అదే పోటీలో ఫాంటేసియా విజేత అయ్యారు. మూడేళ్లు తిరగకముందే జెనిఫర్ చేతిలో ఆస్కార్ ఉంది. ఓడినవారు, గెలిచినవారు ఇద్దరూ పైకి వచ్చారు కాబట్టి ఆ ఘనత టీవీదే అని చాలామంది తేల్చేస్తారు. నేను ఒప్పుకోను. ఆ గొంతులు టీవీకి రాకముందే తయారై ఉన్నాయి. టీవీ వాటికి కోట్లమంది శ్రోతలను చూపించింది, నిజమే. కానీ వాటిని తూచడానికి అది వాడిన తక్కెడ వేరు. ఆ తేడా తెలియాలంటే డెబ్బై ఏళ్లు వెనక్కి వెళ్లాలి.

సోల్ సంగీతానికి పుట్టిల్లు చర్చి. అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లోనూ, అక్కడి నుంచి నల్లజాతి కుటుంబాలు వలస వెళ్లిన షికాగో, డెట్రాయిట్ వంటి నగరాల్లోనూ ఆదివారం ఆరాధనకు పాటే ఊపిరి. మన ఊళ్ల భజనలో ఒకరు ఎత్తుకుంటే మిగిలినవారు అందుకున్నట్టే, అక్కడా ముందు పాడేవారి ప్రతి మాటకూ సంఘం నుంచి బదులు వస్తుంది. ఒక్క అక్షరం మీద నిలబడి సంగతి మీద సంగతి వేయడం, గొంతు జీరపోయినా లెక్కచేయక భావాన్ని పెంచుకుంటూ పోవడం, వినేవారు లేచి నిలబడ్డాక కూడా పాటను దించకపోవడం అక్కడ అబ్బే విద్యలు. 1950లలో రే చార్లెస్ ఆ భక్తి బాణీల్లో ప్రేమ పాటలు పాడి కొందరికి కోపం తెప్పించారు, ఎందరికో దారి చూపారు. పేరున్న భక్తి గీతాల బృందంలో ముందు గొంతుగా ఉన్న శామ్ కుక్ 1957లో లౌకిక సంగీతంలోకి వచ్చారు. డెట్రాయిట్ పాస్టరు కూతురు అరెథా ఫ్రాంక్లిన్ 1967లో అట్లాంటిక్ రికార్డు సంస్థకు పాడటం మొదలుపెట్టాక ఈ సంగీతానికి మహారాణిగా పేరు తెచ్చుకున్నారు.

ఫాంటేసియా, జెనిఫర్ ఇద్దరూ ఈ వరుసలోనివారే. ఫాంటేసియాది నార్త్ కరోలినాలోని హై పాయింట్. ఐదేళ్ల వయసు నుంచే పాట, అదీ కుటుంబ బృందంతో కలిసి చర్చిల్లో. జెనిఫర్ షికాగోలో పుట్టి, అక్కడి బాప్టిస్టు చర్చి గాయక బృందంలో పెరిగారు. ఐడల్‌కు వచ్చేనాటికి ఆమె డిస్నీ విహార నౌక మీద రోజూ పాడుతూ జీతం తీసుకుంటున్న గాయని.

పోటీ పెట్టి గాయకులను తేల్చడం కూడా టీవీ కనిపెట్టినది కాదు. న్యూయార్క్‌లో నల్లజాతివారి పేట హార్లెమ్‌లో 125వ వీధిలోని అపోలో థియేటర్‌లో 1934 నుంచి బుధవారం రాత్రి ఔత్సాహికుల పోటీలు జరిగేవి. పాడబోయేవారు ముందుగా ఒక చెట్టు మొద్దును చేత్తో తడిమి వేదిక మీదికి వస్తారు. పని దొరకని కళాకారులు అదృష్టం కోసం చుట్టూ చేరే చెట్టును రోడ్డు కోసం కొట్టేస్తే, ఆ మొద్దు ముక్కను తెచ్చి ఇక్కడ పెట్టారు. పాట నచ్చకపోతే జనం ఈలలు, కేకలతో హోరెత్తిస్తారు, ఒక నర్తకుడు చీపురు పట్టుకుని వచ్చి పాడేవారిని వేదిక మీంచి ఊడ్చినట్టు అభినయిస్తూ పంపేస్తాడు. ఆ ఏడాది నవంబరులో నాట్యం చేద్దామని వచ్చిన పదిహేడేళ్ల ఎల్లా ఫిట్జెరాల్డ్, తనకు ముందు ఆడినవారిని చూసి బెదిరి, నాట్యం మానేసి పాట పాడి గెలిచారు. అపోలోలో తీర్పు చెప్పేది చప్పట్లే. ఆ చప్పట్లు కొట్టేవారికి ఆ సంగీతం ఇంటి సొత్తు. వాళ్లు కర్కశంగా ఉండేవారేమో కానీ, ఏది కష్టమైన సంగతో, ఏది ఉత్త అరుపో వారికి తెలుసు. ఈ ఒక్క విషయమే ముందుముందు మనకు అక్కరకొస్తుంది.

టీవీ పోటీ నుంచి వచ్చిన తొలితరం సోల్ గాయనుల్లో అందరికన్నా ముందు చెప్పుకోవలసిన పేరు గ్లాడిస్ నైట్. రేడియోలో మేజర్ బోస్ నడిపిన ఔత్సాహికుల కార్యక్రమాన్ని ఆయన తర్వాత టెడ్ మాక్ 1948లో టీవీకి తెచ్చారు. ప్రేక్షకులు పోస్టు కార్డుల ద్వారా, ఫోన్ల ద్వారా ఓటు వేసేవారు. 1952లో అట్లాంటాకు చెందిన చిన్నారి గ్లాడిస్ అందులో గెలిచింది. ఇంకా పదేళ్లు కూడా నిండని పిల్ల. ఆ మీదట ఏమైంది? అన్నయ్య, దాయాదులతో కలిసి బృందం కట్టుకుని ఊరూరా పాడింది. మొదటి పెద్ద విజయం 1961లో వచ్చింది. 1966లో మోటౌన్ రికార్డు సంస్థలో చేరినా అక్కడ పెద్దపీట వేరేవారికే. 1967లో ఆమె బృందం పాడిన ఒక పాట అమెరికా పాప్ పట్టికలో రెండో స్థానం దాకా వెళితే, మరుసటి ఏడాది అదే సంస్థ నుంచి మార్విన్ గే గొంతులో అదే పాట మొదటి స్థానానికి వెళ్లింది. చివరికి మోటౌన్‌ను వదిలి బుద్దా రికార్డ్స్‌కు వెళ్లాకే, 1973 అక్టోబరులో, గ్లాడిస్ బృందానికి మొదటి స్థానం దక్కింది. పోటీలో గెలిచిన రోజుకూ ఈ విజయానికీ మధ్య 21 ఏళ్లు. అంత సుదీర్ఘ సాధనను పక్కనపెట్టి టీవీ పోటీ ఆమెను తయారు చేసిందని అనడం ఆమెకు అన్యాయం చేయడమే.

1983లో మొదలైన టీవీ పోటీ 'స్టార్ సెర్చ్' కథ ఇంకో రకం. తర్వాత పెద్ద గాయని అయిన ఆలియా పదేళ్ల వయసులో, 1989లో, అందులో ఓడిపోయింది. ముందుముందు ప్రపంచ తార కాబోయే బియాన్సే ఉన్న బాలికల బృందమూ 1993లో ఓడిపోయింది. అక్కడ మార్కులు న్యాయనిర్ణేతలవి. అంటే నిపుణుల తీర్పు కూడా గురి తప్పుతుంది. ఓటు తప్పు, నిపుణులే ఒప్పు అని నేను వాదించడం లేదు.

అసలు మలుపు 2001లో బ్రిటన్‌లో మొదలైన 'పాప్ ఐడల్'తో వచ్చింది. సైమన్ ఫుల్లర్ రూపొందించిన ఆ పద్ధతి 2002 జూన్‌లో ఫాక్స్ ఛానల్‌లో 'అమెరికన్ ఐడల్' అయింది. అప్పట్లో మంగళవారం పాట, బుధవారం ఫలితం. ఒక్కొక్క గాయకుడికి ఒక ఉచిత ఫోన్ నంబరు. కార్యక్రమం ముగిశాక రెండు గంటల పాటు ఓటింగ్. ఒకరు ఎన్నిసార్లయినా ఓటు వేయగలిగేవారు. రెండో సీజన్ నుంచి ఎస్ఎంఎస్ ఓటు కూడా వచ్చింది కానీ, అది ఒకే ఒక్క మొబైల్ సంస్థ వినియోగదారులకే.

ఈ ఏర్పాటును కొంచెం నిలబడి చూడాలి. ఓట్లకు పరిమితి లేదు, పరిమితి అంతా సమయానికే. వేలు నొప్పి పుట్టేదాకా డయల్ చేసే ఓపిక ఉన్నవారికి పదుల ఓట్లు, ఒక్కసారి ప్రయత్నించి లైను బిజీ అని వినిపించగానే ఫోను పెట్టేసినవారికి సున్నా. అభిమానులు ఎక్కువగా ఉన్న గాయని నంబరు ఎప్పుడూ బిజీయే, తక్కువమంది ఉన్న గాయకుడి నంబరు వెంటనే కలుస్తుంది. ఒకే రకం సంగీతాన్ని ఇష్టపడేవారు ముగ్గురు గాయనులను సమానంగా ప్రేమిస్తే, వారి రెండు గంటలూ ముగ్గురికీ పంచుకోవలసి వస్తుంది. పైగా, బాగా పాడినవారికి ఎలాగూ ఢోకా లేదని అనుకుని ఫోనే తీయనివారు ఎందరో.

దీనికి తోడు పాటల నియమం. ప్రతి వారం ఒక అంశం ఇస్తారు, పాటను సుమారు ఒకటిన్నర నిమిషానికి కుదిస్తారు. చర్చిలో పావుగంట సేపు మెల్లమెల్లగా పేరుకునే భావాన్ని ఇక్కడ తొంభై సెకన్లలో తెంపేయాలి. అందుకే సోల్ గాయకులు మొదటి చరణం నుంచే తారస్థాయిని అందుకునే అలవాటులో పడ్డారు. ఈ పోటీలు ఆ సంగీతానికి చేసిన అసలు కీడు అదేనని నా నమ్మకం. పాటను నెమ్మదిగా మొదలుపెట్టే ధైర్యాన్ని అవి చంపేశాయి.

అందుకే 2004 ఏప్రిల్ 13 నాటి పాట నాకు అంత ప్రత్యేకం. ఆ వారం అంశం సినిమా పాటలు. ఫాంటేసియా ఎంచుకున్నది జార్జ్ గెర్ష్విన్ 1935 నాటి సంగీత నాటకం 'పోర్గీ అండ్ బెస్'లోని జోలపాట. వేదిక మీద చతికిలబడి కూర్చుని, గొంతు పైకెత్తకుండా, దాదాపు మాట్లాడుతున్నట్టు మొదలుపెట్టారు. తర్వాత ఒక్కో పాదానికీ గొంతులో జీర పెంచుకుంటూ పోయారు. పాట ముగిసేసరికి కళ్లలో నీళ్లు. మెచ్చుకోవడంలో పిసినారి అని పేరున్న న్యాయనిర్ణేత సైమన్ కొవెల్ కూడా ఆ పాటకు మనసారా తలవంచారు. ఈ కార్యక్రమం చరిత్రలో అత్యుత్తమ పాట ఏదని అడిగితే ఇప్పటికీ చాలామంది చెప్పేది ఇదే. ఆ పాట పాడిన ఎనిమిదో రోజునే ఫాంటేసియా అట్టడుగు ముగ్గురిలో నిలబడ్డారు.

జెనిఫర్ ఇంటికి వెళ్లిన ఆ వారం అంశం బారీ మానిలో పాటలు. మృదువైన పాప్ పాటలకు పేరుపడ్డ ఆయన బాణీల్లో జెనిఫర్ తన చర్చి గొంతుతో పాడారు. ఆమె అప్పటికే సెమీఫైనల్ ఓట్లలో ఓడి, న్యాయనిర్ణేతలు 'వైల్డ్ కార్డ్' ఇస్తే తిరిగి వచ్చిన గాయని. ఓటింగ్ రాత్రి షికాగో ఉన్న ఇల్లినాయ్ రాష్ట్రంలో పెద్ద గాలివాన. కరెంటు పోయి సొంత ఊరి ఓట్లు పడలేదన్న మాట వినిపించింది. కొద్దిరోజులకు బ్రిటిష్ గాయకుడు ఎల్టన్ జాన్ ఆ ఓటింగ్‌లో తనకు జాతి వివక్ష కనిపిస్తోందని బహిరంగంగానే అన్నారు. ఆ ఓటింగ్‌కు రెండు వారాల ముందే ఆయన పాటలను ఈ పోటీదారులే పాడారు.

వివక్ష పాత్ర లేదని నేను అనను. ఒంటరి తల్లి అయిన ఫాంటేసియా గురించి ఆ రోజుల్లో పిల్లలకు ఆదర్శం ఎలా అవుతుందని వచ్చిన విమర్శలు చాలు, గొంతు కాక ఇంకేవేవో తూకానికి వచ్చాయని చెప్పడానికి. అయితే ముందు ఏడాది ఇదే ఓటింగ్‌లో రూబెన్ స్టడ్డర్డ్ అనే సోల్ గాయకుడు సుమారు 2.4 కోట్ల ఓట్లలో లక్షా ముప్పై వేల చిల్లర తేడాతో గెలిచారు. 2004 మే 26న ఫైనల్లో దాదాపు 6.5 కోట్ల ఓట్లు పోలైతే ఫాంటేసియా సుమారు 13 లక్షల ఆధిక్యంతో గెలిచారు. ఇద్దరు మాత్రమే మిగిలినప్పుడు సోల్ అభిమానుల సమయం చీలలేదు. ఏప్రిల్‌లో చీలింది. లోపంలో ఎక్కువ భాగం ఆ లెక్కదే.

ఫాంటేసియా మొదటి పాట విడుదలైన వెంటనే అమెరికా ప్రధాన పట్టికలో నేరుగా మొదటి స్థానంలో దిగింది. తొలి పాటతోనే అలా దిగిన మొదటి గాయని ఆమె. ఆ పాట రాసినవారిలో టమీరా గ్రే ఒకరు. 2002 తొలి సీజన్‌లో అందరూ గెలుస్తారనుకుంటే నాలుగో స్థానంలో ఆగిపోయిన సోల్ గొంతు ఆమెది. తనకు రాని కిరీటానికి పాట రాసి ఇచ్చారన్నమాట.

జెనిఫర్ కథ సినిమా వైపు మళ్లింది. న్యూయార్క్ నాటకరంగమైన బ్రాడ్వేలో 1981 నాటి సంగీత నాటకం 'డ్రీమ్‌గర్ల్స్'ను సినిమాగా తీస్తూ ఎఫీ పాత్ర కోసం వందలమందిని పరీక్షించారు. వారిలో ఫాంటేసియా కూడా ఉన్నారు. పాత్ర జెనిఫర్‌కు దక్కింది. ముగ్గురు గాయనుల బృందంలో అందరికన్నా పెద్ద గొంతు ఉన్న ఎఫీని, టీవీలో అందంగా కనిపించే పలచని గొంతు కోసం పక్కకు తప్పిస్తారు. తప్పిస్తున్నప్పుడు తాను వెళ్లనని ఆమె పాడే పాటే ఆ కథకు గుండెకాయ. ఆ పాటలో తారస్థాయికి చేరడానికి జెనిఫర్‌కు తొంభై సెకన్ల గడువు ఎవరూ పెట్టలేదు. 2007 ఫిబ్రవరిలో ఉత్తమ సహాయ నటిగా ఆస్కార్ అందుకున్నారు. తర్వాత అరెథా ఫ్రాంక్లిన్ తన జీవితకథ సినిమాలో తన పాత్రకు స్వయంగా ఆమెను ఎంచుకున్నారు, ఆ సినిమా 2021లో వచ్చింది. ఫాంటేసియా 2007లో బ్రాడ్వేలో, 2023లో తెరమీద 'ది కలర్ పర్పుల్'లో కథానాయిక సీలీగా నటించారు.

ఇదే పద్ధతి 2004లోనే 'ఇండియన్ ఐడల్'గా మన దేశానికి వచ్చింది. 2006లో కారుణ్య ఫైనల్లో ఓడినప్పుడు, 2010లో శ్రీరామచంద్ర గెలిచినప్పుడు ఎస్ఎంఎస్‌ల కోసం తెలుగునాట సాగిన ప్రచారం గుర్తున్నవారికి ఈ తక్కెడ సంగతి వివరించనక్కర్లేదు. 1996 నుంచి 'పాడుతా తీయగా'లో ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గారు శ్రుతి, ఉచ్చారణ, భావం ఒక్కొక్కటీ విడదీసి చెప్పి తీర్పిచ్చిన తీరును చూసి పెరిగినవారికి మరీను.

అమెరికన్ ఐడల్ నిర్వాహకులు తర్వాత్తర్వాత మరమ్మతులు చేశారు. ఓట్లలో ఓడినవారిని న్యాయనిర్ణేతలంతా కలిసి సీజన్‌కు ఒకసారి కాపాడే వీలు 2009లో వచ్చింది. 2011లో ఇంటర్నెట్ ఓటు వచ్చింది. అయినా 2008 నుంచి 2012 దాకా వరుసగా ఐదేళ్లు గెలిచింది గిటారు పట్టుకున్న శ్వేతజాతి యువకులే. 2013లో ఆ వరుసను తెంచింది సౌత్ కరోలినాకు చెందిన క్యాండిస్ గ్లోవర్, చర్చి నుంచే వచ్చిన సోల్ గాయని. అంతకుముందు రెండుసార్లు ఇదే పోటీ ఆమెను వెనక్కి పంపింది. ఈసారి ఓటు ఆమె వైపే నిలిచింది. కానీ విజేతగా ఆమె ఆల్బమ్ బయటికి రావడానికి తొమ్మిది నెలలు పట్టింది. అప్పటికి టీవీ ముందు కూర్చున్న జనం పలచబడ్డారు, రికార్డులు కొనే జనం అంతకన్నా పలచబడ్డారు. ఫాంటేసియా తొలి ఆల్బమ్ మొదటి వారంలోనే సుమారు 2,40,000 ప్రతులు అమ్ముడైతే, క్యాండిస్ ఆల్బమ్ అమ్ముడైంది సుమారు 19,000.