పాలిప్‌ని ముట్టుకుంటే పాకదు: పెద్దపేగు పాలిప్‌లపై అపోహలు, వాస్తవాలు

పెద్దపేగులో పాలిప్ ఉంది, తీసేద్దాం అనగానే శ్రీకాకుళంలో నాకు వినిపించే మాట దాదాపు ఒకటే: “కత్తి తగిలితే పాకేస్తాది కదా బాబూ, అలా వదిలేస్తే ఏటవుద్ది?” ఇచ్ఛాపురం నుంచి వచ్చినవాళ్లూ ఇదే అంటారు, రాజాం నుంచి వచ్చినవాళ్లూ ఇదే అంటారు. ఉద్యోగాలు చేసుకునే పిల్లలు దీన్నే కాస్త మెరుగుపెట్టి, “బయాప్సీ చేస్తే స్ప్రెడ్ అవుతుందట కదా సార్” అంటారు. ఎవరన్నారు అని అడిగితే సమాధానం ఉండదు. అందుకే ఈ పోస్టులో సగం పైగా దీని గురించే రాస్తున్నాను.

అపోహ: పాలిప్‌కి కత్తి తగిలితే క్యాన్సర్ అయి ఒళ్లంతా పాకుతుంది.

పాలిప్ అంటే పేగు లోపలి పొర మీద లేచిన కండ. కొన్ని పుట్టగొడుగులా కాడతో నిలబడతాయి, కొన్ని గోడకి అంటుకుని బల్లపరుపుగా ఉంటాయి. క్యాన్సర్‌కి దారితీసే వాటిలో ముఖ్యమైనది అడినోమా. సెర్రేటెడ్ అని ఇంకో రకం ఉంది. అది చదునుగా, పేగు రంగులోనే, ఎక్కువగా కుడివైపు దాక్కుంటుంది. అడినోమాలో కణాలు అప్పటికే దారి తప్పి ఉంటాయి గానీ, లోపలి పొరలోనే ఉంటాయి. పెద్దపేగులో ఆ పొర దాటనంతవరకు వాటికి లింఫు గ్రంథుల వైపు వెళ్లే దారి దొరకదు. అంటే పాకే అవకాశమే లేదు. ఆ పొర అడుగున పలచని కండరపు పట్టీ ఉంటుంది. దాన్ని చీల్చుకుని కిందికి దిగినప్పుడే మేం క్యాన్సర్ అంటాం.

అలా దిగడానికి సాధారణంగా పదేళ్లు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే పడుతుంది. చాలా అడినోమాలు అసలు దిగనే దిగవు. క్యాన్సర్ అయ్యేవి సుమారు నూటికి ఐదు. మరి ఆ ఐదు ఏవో ముందే చెప్పగలిగే పరీక్ష లేదు. సైజు సెంటీమీటర్ దాటినా, విల్లస్ రకమైనా (మైక్రోస్కోపు కింద వేళ్లలా కనిపించేది), హైగ్రేడ్ డిస్‌ప్లేసియా ఉన్నా (కణాలు బాగా దారి తప్పి ఉన్నా) ప్రమాదం ఎక్కువని మాత్రం తెలుసు. అందుకే అడినోమా అనిపించిన ప్రతిదాన్నీ తీస్తాం. అమెరికాలో అడినోమాలు తీయించుకున్నవాళ్లని ఏళ్ల తరబడి గమనించిన నేషనల్ పాలిప్ స్టడీ 2012లో ఒక లెక్క ఇచ్చింది. సాధారణ జనాభాలో ఉండే మరణాలతో పోలిస్తే, వీళ్లలో పెద్దపేగు క్యాన్సర్ చావులు 53 శాతం తక్కువ. కత్తి తగిలితే పాకేదే అయితే ఈ లెక్క తిరగబడాలి కదా!

అసలు ఇందులో కత్తే లేదు. స్కోపు (మలద్వారం గుండా పంపే కెమెరా గొట్టం) లోంచి సన్నని తీగ ఉచ్చు పంపి, పాలిప్ మొదట్లో వేసి బిగిస్తాం. దాన్ని స్నేర్ అంటాం. సెంటీమీటర్ లోపు వాటికి చాలాసార్లు కరెంటు కూడా అక్కర్లేదు, బిగిస్తే తెగిపోతుంది. బల్లపరుపుగా ఉన్న పెద్దవాటికి అడుగున సెలైన్ ఎక్కించి, పైకి లేపి తీస్తాం. లోపలి పొరకి కోత నొప్పి తెలియదు. రిస్కు లేదని అబద్ధం చెప్పను. సుమారు నూటికి ఒకరికి రక్తం పడొచ్చు, పెద్ద పాలిప్ అయితే ఇంకాస్త ఎక్కువ. వారం, పది రోజుల తర్వాత కూడా పడొచ్చు. పేగుకి చిల్లు పడటం అంతకన్నా చాలా అరుదు. క్లోపిడోగ్రెల్, వార్ఫరిన్ లాంటి రక్తం పలచబరిచే మందులు వాడుతుంటే ముందే చెప్పండి. మీ అంతట మీరు ఆపేయకండి.

మరి ఈ పుకారు ఎలా పుడుతుంది? నరసన్నపేట వైపు నుంచి ఒక పెద్దాయన వచ్చారు, ఉద్యోగం చేసి రిటైరైన మనిషి. విరోచనంలో రక్తం అన్నారు. స్కోపు చేస్తే ఎడమవైపు రెండు సెంటీమీటర్లకు పైగా ఉన్న పాలిప్ కనిపించింది, కాడ ఉన్నదే. గుండెకి రక్తం పలచబడే మందు వాడుతున్నారు కాబట్టి, గుండె డాక్టర్‌ని అడిగి మందు ఆపి రమ్మన్నాను. ఊరెళ్లాక ఇంట్లో పంచాయితీ జరిగింది. వియ్యంకుడి తమ్ముడికి వైజాగ్‌లో పేగు ఆపరేషన్ చేస్తే కొద్ది నెలల్లోనే పోయాడట. కోశారు కాబట్టే పాకిందని తేల్చేశారు. ఈయన మళ్లీ రాలేదు. రెండేళ్లు దాటాక కడుపు ఉబ్బి, గ్యాస్ కూడా పోని స్థితిలో తీసుకొచ్చారు. అదే చోట క్యాన్సర్, పేగు మూసుకుపోయింది. పెద్ద ఆపరేషన్ అయింది, కొన్నాళ్లు పొట్ట మీద సంచి, తర్వాత కీమో. ఇప్పుడు తిరుగుతున్నారు, అది అదృష్టం. ఆ పోయినాయన ఫైలు తర్వాత ఆ ఇంటి కుర్రాడే తెచ్చి నాకు చూపించాడు. ఆపరేషన్‌కి ముందు తీసిన సీటీలోనే లివర్ నిండా గడ్డలున్నాయి. పాకడం ముందు జరిగింది, కోత తర్వాత పడింది. ఊళ్లో మాత్రం వరస తిరగేసి చెప్పుకున్నారు.

అపోహ: రిపోర్టులో ‘డిస్‌ప్లేసియా’ అని ఉంటే క్యాన్సర్ మొదలైనట్టే.

రాత్రి పదకొండింటికి వాట్సాప్‌లో రిపోర్టు ఫొటో, కింద “అగనంపూడి వెళ్లాలా సార్?” అన్న ప్రశ్న. అంటే వైజాగ్‌లోని క్యాన్సర్ ఆసుపత్రికని. ఇలాంటివి నాకు తరచూ వస్తాయి. ‘ట్యూబులర్ అడినోమా విత్ లో గ్రేడ్ డిస్‌ప్లేసియా’ అని ఉంటే కంగారు పడకండి. ప్రతి అడినోమాలోనూ కనీసం లో గ్రేడ్ ఉంటుంది, అడినోమా అనే పేరు పెట్టేదే దాన్ని బట్టి. హైగ్రేడ్ అని ఉన్నా, అంచుల్లో ఏమీ మిగలకుండా పూర్తిగా వచ్చేసి ఉంటే దానికి వైద్యం అయిపోయినట్టే. ‘హైపర్‌ప్లాస్టిక్’ అని ఉండి, చిన్నదై, పేగు చివర్లో ఉన్నదైతే మర్చిపోవచ్చు.

భయపడేవాళ్లని నేను తప్పుపట్టను. మా అమ్మకి చిన్న పాలిప్ తీసినప్పుడు, నూటికి నూరుపాళ్లు భయం లేదని తెలిసి కూడా ల్యాబ్‌కి ఫోన్ మీద ఫోన్ చేశాను. అమ్మ పైడితల్లమ్మకి మొక్కుకుని హాయిగా నిద్రపోయింది. టెన్షన్ అంతా నాకే.

అపోహ: తీసేశారు కదా, ఇక పనిలేదు.

పాలిప్ పుట్టిన పేగు ఇంకోటి పుట్టించగలదు. ఎప్పుడు మళ్లీ చూడాలన్నది రిపోర్టు చెబుతుంది. అమెరికా నిపుణుల 2020 మార్గదర్శకాల ప్రకారం, సెంటీమీటర్ లోపు అడినోమాలు ఒకటో రెండో అయితే 7 నుంచి 10 ఏళ్లకి. మూడు నాలుగు ఉంటే 3 నుంచి 5 ఏళ్లకి. సెంటీమీటరో ఆపైనో ఉన్నా, విల్లస్ అన్నా, హైగ్రేడ్ అన్నా 3 ఏళ్లకి. రెండు సెంటీమీటర్లో ఆపైనో ఉన్నదాన్ని ముక్కలుగా తీస్తే 6 నెలలకే. పేగు శుభ్రంగా ఉండి మొత్తం చూడగలిగితేనే ఈ లెక్కలు. ఒక్క చిన్న పాలిప్‌కి ఏటా స్కోపు చేయించుకోమని ఎవరైనా అంటే ఎందుకని అడగండి. అందులో తప్పేం లేదు.

మిగిలినవి గబగబా. రక్తం పడితే మొలలేనా? కావచ్చు, కానీ నలభై దాటినవాళ్లు చూడకుండా మొలలని తేల్చకూడదు. మొలలూ పాలిప్పూ రెండూ ఒకే మనిషికి ఉండొచ్చు. నొప్పి లేదు కాబట్టి ఏమీ లేదా? పాలిప్ నొప్పెట్టదు, చాలాసార్లు రక్తం కూడా పడదు. ఆకు పసరుతో కరుగుతుందా? కరగదు. కారం తింటే వస్తుందా? రాదు. సిగరెట్, మందు, ఒళ్లు పెరగడం మాత్రం ప్రమాదాన్ని పెంచుతాయి.

అమ్మకో నాన్నకో తోబుట్టువుకో పెద్దపేగు క్యాన్సర్ వచ్చి ఉంటే, మీకు ఏ బాధా లేకపోయినా 40 ఏళ్లకి స్కోపు చేయించుకోండి. లేదా వాళ్లకి వచ్చిన వయసుకి 10 ఏళ్లు ముందే. ఈ రెండింట్లో ఏది ముందైతే అది. ప్రభుత్వ స్క్రీనింగ్‌లో నోరు, రొమ్ము, గర్భాశయ ముఖద్వారం ఉన్నాయి, పెద్దపేగు లేదు. కాబట్టి దీనికోసం ఎవరూ ఇంటికొచ్చి పిలవరు. పేగు నిండా వందల పాలిప్‌లుండే వంశపారంపర్య జబ్బు వేరు. ఆ ఇళ్లలో పిల్లలకి పదేళ్లు దాటగానే పరీక్షలు మొదలుపెట్టాలి.

ఒక్క భయంలో మాత్రం నిజం ఉంది. స్కోపుకి ముందు పేగు శుభ్రం కావడానికి తాగే మందు గురించి, “కడుపు కడిగే మందుకి కిడ్నీలు పోతాయట” అని కిడ్నీ జబ్బు ఎక్కువగా ఉన్న ఉద్దానం వైపు నుంచి వచ్చేవాళ్లు అడుగుతారు. కవిటి, సోంపేట, వజ్రపుకొత్తూరు మనుషులకి ఆ భయం ఉండటంలో ఆశ్చర్యమేముంది? విరోచనాల మందుల్లో సోడియం ఫాస్ఫేట్ రకం కిడ్నీ జబ్బున్నవాళ్లు వాడకూడదు. పెగ్ పౌడర్ రకం వాళ్లకి సురక్షితం, రెండు లీటర్లో నాలుగో తాగాలి గానీ. కాబట్టి మందుల షాపులో ఏది ఇస్తే అది తెచ్చుకోకండి. చీటీలో రాసిందే అడగండి. సగం రాత్రి, సగం తెల్లవారుజామున తాగండి. ముందురోజు చోడి అంబలి, జామకాయ, ఆకుకూరలు వద్దు. ఐరన్ మాత్రలు వారం ముందే ఆపమంటాం. ఉద్దానం వాళ్లు చివరిగా చేయించుకున్న క్రియాటినిన్ (కిడ్నీల పనితీరు చెప్పే రక్తపరీక్ష) రిపోర్టు వెంట తెచ్చుకోండి. డయాలసిస్‌లో ఉంటే ఆ రోజులు చూసుకునే స్కోపు తేదీ ఇస్తాం.