ఘాజీ ఎక్కడుందో తెలుసు, ఎలా పోయిందో తేలలేదు

వైజాగ్ ఆర్కే బీచ్‌కి వెళ్లినవాళ్లు ఒడ్డున పెట్టిన కురుసుర సబ్‌మెరైన్‌లోకి దూరి, తల వంచుకుని నడిచి, అటు చివర బయటికొచ్చి ఫొటో దిగి వెళ్లిపోతారు. అక్కడికి కొద్ది కిలోమీటర్ల దూరంలో, హార్బర్ మొగ బయట, ఇంకో సబ్‌మెరైన్ 1971 నుంచి సముద్రం అడుగున పడి ఉంది. పాకిస్తాన్‌ది. పేరు ఘాజీ. లోపలున్న 93 మందిలో ఒక్కరూ బతకలేదు.

2024 ఫిబ్రవరిలో "ఘాజీ శకలాలు దొరికాయి" అని వార్తలొస్తే, ఇన్నాళ్లూ దొరకలేదా అని చాలామంది ఆశ్చర్యపోయారు. అది పడిన చోటు 1971 డిసెంబర్‌లోనే తెలుసు, అప్పుడే డైవర్లు దిగి చూశారు కూడా. ఈసారి నౌకాదళం డీఎస్‌ఆర్‌వీని, అంటే మునిగిపోయిన సబ్‌మెరైన్‌లోంచి మనుషుల్ని కాపాడే చిన్న వాహనాన్ని దింపి చూసింది, పోయినవాళ్ల మీద గౌరవంతో దేన్నీ ముట్టుకోలేదు. నిజంగా మాయమైనవి వేరే ఉన్నాయి. 1968 జనవరిలో మధ్యధరా సముద్రంలో తప్పిపోయిన ఇజ్రాయెల్ సబ్‌మెరైన్ దకర్ 1999లో గానీ దొరకలేదు, అదే నెలలో పోయిన ఫ్రాన్స్ వాళ్ల మినర్వ్ కోసం 2019 దాకా ఆగాల్సి వచ్చింది. ఘాజీ కథలో తప్పిపోయింది ఓడ కాదు, దాని కాగితాలు.

మొదట అది అమెరికా వాళ్ల డయాబ్లో, రెండో ప్రపంచయుద్ధం నాటిది. 1964లో పాకిస్తాన్‌కి ఇచ్చారు. 1971 నాటికి కరాచీ నుంచి బయల్దేరి బంగాళాఖాతం దాకా వచ్చి పని చేయగల సబ్‌మెరైన్ పాకిస్తాన్‌కి ఇదొక్కటే. నవంబర్ 14న బయల్దేరింది, లక్ష్యం మన విమాన వాహక నౌక విక్రాంత్. విక్రాంత్‌కి అప్పటికే ఒక బాయిలర్ పగులు పట్టి పూర్తి వేగంతో వెళ్లలేని స్థితి.

తూర్పు నౌకాదళం అధిపతి వైస్ అడ్మిరల్ కృష్ణన్ ఇక్కడ వేసిన ఎత్తు నాకు భలే ఇష్టం. విక్రాంత్‌ని గుట్టుగా అండమాన్ వైపు పంపించేసి, అది వైజాగ్‌లోనే ఉన్నట్టు నాటకం ఆడించాడు. అంత పెద్ద ఓడకి సరిపడా మాంసం, కూరగాయలు ఊళ్లో ఆర్డర్ ఇప్పించాడు, బజారులో గూఢచారులుంటే వాళ్ల చెవిన పడాలని. రాజ్‌పుత్ అనే ముసలి యుద్ధనౌకని (డిస్ట్రాయర్) సముద్రం మీదికి పంపి విక్రాంత్ మాట్లాడినట్టు వైర్‌లెస్ సందేశాలు పెట్టించాడు. విక్రాంత్‌లో ఉన్న నావికుడెవరో తల్లికి సీరియస్‌గా ఉందని తెలిసి ఆరా తీస్తున్నట్టు ఒక మామూలు టెలిగ్రాం కూడా, ఎవరైనా చదువుకునేలా.

డిసెంబర్ 3 సాయంత్రం పాకిస్తాన్ విమానాలు మన స్థావరాల మీద దాడి చేశాయి. ఆ రాత్రి జనం ఇందిరా గాంధీ ప్రసంగం కోసం రేడియోల ముందు కూర్చున్నారు. అర్ధరాత్రి దాటాక పెద్ద పేలుడు, కిటికీలు అదిరాయి, భూకంపమనుకుని కొందరు బయటికి పరిగెత్తారు. తర్వాత సముద్రం మీద తేలుతున్న సామాను జాలర్ల కంటపడింది.

ఇక్కణ్నుంచే గొడవ. మన కథనం ప్రకారం హార్బర్ నుంచి బయటికొస్తున్న రాజ్‌పుత్ నీళ్లలో అలజడి గమనించి రెండు డెప్త్ చార్జీలు, అంటే సబ్‌మెరైన్ల మీద వేసే, నీళ్ల లోపల పేలే బాంబులు వదిలింది, కాసేపటికే ఆ పేలుడు వినపడింది. 'ఘాజీ' సినిమా చూసి మన సబ్‌మెరైనే వెళ్లి ముంచిందనుకునేవాళ్లు ఉన్నారు, ఈ కథనంలో మన సబ్‌మెరైన్ ఊసే లేదు. పాకిస్తాన్ మాట వేరు: ఓడల దారిలో మైన్లు (నీళ్లలో పెట్టే బాంబులు) పెడుతూ తన మైన్‌కే బలైందని, లేదా లోపల జరిగిన ప్రమాదమని. బ్యాటరీలు చార్జ్ అయ్యేటప్పుడు హైడ్రోజన్ పేరుకుని పేలడం సబ్‌మెరైన్లకి కొత్త ప్రమాదమేం కాదు. మన దగ్గరే రిటైరైన నౌకాదళ అధికారులు కొందరు ఈ మాట కొట్టిపారేయరు. 2003లో దిగిన డైవర్లకి పేలుడు లోపలి నుంచి బయటికి జరిగినట్టు కనిపించిందని కూడా వార్తలొచ్చాయి. నా మటుకు నాకు రాజ్‌పుత్ కథనం మరీ సరిగ్గా అతికినట్టు ఉంటుంది, అందుకే కొంచెం అనుమానం.

సరే, పాత దర్యాప్తు ఫైళ్లు తీసి చూస్తే పోతుంది కదా అంటే, ఘాజీకి సంబంధించిన రికార్డులు ఎప్పుడో ధ్వంసం చేసేశారని 2010లో పత్రికలు రాశాయి. ఎందుకు చేశారన్నదానికి ఒప్పుకోదగ్గ జవాబు నాకైతే ఎక్కడా కనపడలేదు. అమెరికా, సోవియట్ యూనియన్ తమ ఖర్చుతో పైకి తీస్తామన్నా అప్పట్లో మన ప్రభుత్వం ఒప్పుకోలేదని కూడా చెబుతారు.

2024 నాటి వార్తల ప్రకారం అక్కడ ఉన్నది ఒక్క ఘాజీనే కాదు. జపాన్ సబ్‌మెరైన్ ఆర్‌ఓ-110 కూడా అక్కడే ఉంది. 1944 ఫిబ్రవరి 11న కాపలాతో వెళ్తున్న ఒక ఓడల గుంపు (కాన్వాయ్) మీద దాడికొస్తే, బ్రిటిష్ ఇండియా నౌకాదళానికి చెందిన జమున, రెండు ఆస్ట్రేలియా ఓడలు కలిసి దాన్ని ముంచేశాయి. బీచ్ రోడ్డు మీద ఎన్నిసార్లు తిరిగానో లెక్కలేదు, ఈ పేరు మాత్రం ఆ వార్తల్లోనే మొదటిసారి విన్నాను.